ఎడారి ఆ కళాకారులకు ఏమిచ్చింది? – పాఠకుల ప్రశ్నలు, జవాబులు

గత సంచికలో ల్యాండ్ ఆర్ట్ గురించి, అంటే కాన్వాసునూ రంగులనూ పక్కనపెట్టి నేలతో, రాతితో, ఇసుకతో ఆరుబయట చేసే కళ గురించి, ఒక చిన్న పరిచయ వ్యాసం రాశాను. 1960ల చివర కొందరు అమెరికన్ కళాకారులు న్యూయార్క్ వదిలి నెవాడా, యూటా ఎడారులకు వెళ్లారన్న సంగతి తప్ప అందులో పెద్దగా చెప్పలేకపోయాను. ఆ కొరతను తిరుపతి, చిత్తూరు ప్రాంతాల పాఠకులు బాగానే పట్టుకున్నారు. వారి ఉత్తరాల్లో కొన్నింటికి ఇక్కడ జవాబులు ఇస్తున్నాను.

ప్రకృతి నుంచి ప్రేరణ అంటే మాకు శేషాచలం అడవి, తలకోన జలపాతం, నిండిన చెరువు గుర్తొస్తాయి. చెట్టూ నీరూ లేని ఎడారిలో కళాకారులకు ప్రేరణ ఎలా దొరికింది?
– చిత్రకళ విద్యార్థిని, తిరుపతి

మీ ప్రశ్నలోనే సగం జవాబు ఉంది. చెట్టూ నీరూ లేకపోవడమే వారిని అక్కడికి రప్పించింది. మన శేషాచలంలో కొండ అసలు రూపం కనబడాలంటే వేసవిలో ఆకు రాలేదాకా ఆగాలి, అప్పటికీ పొదల చాటున కొంత దాగే ఉంటుంది. ఎడారిలో నేలకు కప్పు లేదు. ఏ పొర మీద ఏ పొర పేరుకుందో, గాలి ఎటునుంచి వీచిందో, ఎప్పుడో పారిన వాగు ఏ దారిన పోయిందో అంతా బయటే ఉంటుంది. శిల్పం చేసే మనిషికి అంతకంటే ఆకర్షణ ఏముంటుంది?

దానికంటే లోతైన విషయం కొలతకు సంబంధించినది. దూరాన ఉన్నదాని పరిమాణం అంచనా వేయడానికి మనకు తెలియకుండానే తెలిసిన వస్తువుల సాయం తీసుకుంటాం. ఒక కొబ్బరిచెట్టు, పొలంలో మనిషి, గట్టు మీద ఎద్దు కనబడితే చాలు, ఆ వెనకనున్న కొండ ఎంత ఎత్తో, ఎంత దూరమో మనసు లెక్క వేసుకుంటుంది. ఎడారి మైదానంలో ఆ గుర్తులేవీ ఉండవు. పైగా గాలిలో తేమ తక్కువ కాబట్టి దూరపు కొండ కూడా స్పష్టంగా కనబడి, చేతికందేంత దగ్గరలో ఉన్నట్టు భ్రమ కలిగిస్తుంది. గంటసేపు నడిచినా అది దగ్గర పడదు. ఇంతటి విశాలత ముందు మనిషి కన్ను తన కొలబద్దను పోగొట్టుకుంటుంది. ఎడారికి వెళ్లిన కళాకారుల పనిలో ఎక్కువ భాగం పోయిన ఆ కొలబద్దను తిరిగి తయారు చేయడమేనని నేను నమ్ముతాను. 1968లో వాల్టర్ డి మరియా అనే అమెరికన్ కళాకారుడు మొహావీ ఎడారిలో 12 అడుగుల ఎడంతో రెండు సమాంతర సుద్దగీతలను మైలు పొడవునా గీశాడు. కాగితం మీద అది చెప్పుకోదగ్గ బొమ్మ కాదు. ఆ గీతల మధ్య నడిచే మనిషికి మాత్రం మైలు అంటే ఎంతో కాళ్లకు తెలిసివస్తుంది.

కాలం సంగతీ ఇలాంటిదే. వాన అరుదైన చోట నేల మీద పడిన గుర్తు తొందరగా చెరగదు. పెరూలోని నాస్కా మైదానంలో, పైనున్న ముదురు రంగు రాళ్లను తొలగించి అడుగున ఉన్న లేత రంగు నేలను బయటపెట్టి ప్రాచీనులు గీసిన బొమ్మలు దాదాపు రెండు వేల ఏళ్లుగా నిలిచి ఉన్నాయంటే అక్కడ వాన దాదాపు లేకపోవడమే ముఖ్య కారణం. వాటిలో తేనెపిట్ట బొమ్మ ఒక్కటే 90 మీటర్లకు పైగా ఉంటుంది. ల్యాండ్ ఆర్ట్ కళాకారుల్లో పలువురు ఇలాంటి ప్రాచీన నిర్మాణాలను శ్రద్ధగా గమనించినవారే.

గ్యాలరీల మీద అసంతృప్తి కూడా వారిని నగరం దాటించింది. కొనుక్కుని గోడకు తగిలించుకునే సరుకుగా కళ మారిపోయిందన్న బాధ ఆ తరంలో బలంగా ఉండేది. అయితే అదొక్కటే కారణమైతే వారు ఏ పచ్చికబయలుకైనా వెళ్లి ఉండవచ్చు. ఎడారినే ఎంచుకోవడానికి నేను పైన చెప్పిన కారణాలే అసలైనవని నా అభిప్రాయం.

నెవాడాలో ఒకాయన యంత్రాలతో పెద్ద కందకం తవ్వి దానికి కళాఖండమని పేరు పెట్టాడని రాశారు. ఆ లెక్కన మా చుట్టుపక్కల ఉన్న కంకర క్వారీలన్నీ కళాఖండాలే కావాలి గదా?
– విశ్రాంత ఉపాధ్యాయుడు, పుత్తూరు

అయ్యా, న్యాయమైన ప్రశ్న అడిగారు. మీరు చెప్పింది మైకేల్ హైజర్ 1969–70లో చేసిన 'డబుల్ నెగటివ్' గురించి. నెవాడాలో మోర్మన్ మెసా అనే బల్లపరుపు కొండ అంచున రెండు కందకాలను ఒకదానికొకటి ఎదురుగా తవ్వించాడు. మధ్యలో కొండ లోపలికి కోసుకుపోయి ఖాళీగా ఉంటుంది. ఆ ఖాళీని కూడా కలుపుకుంటే మొత్తం పొడవు 1500 అడుగులు. లోతు 50 అడుగులు, వెడల్పు 30 అడుగులు. ఇందుకోసం 2,40,000 టన్నుల రాతినీ మట్టినీ కదిలించారు.

క్వారీలో మనిషికి కావలసింది రాయి. గొయ్యి అక్కర్లేని మిగులు. హైజర్‌కు కావలసింది గొయ్యే, తీసిన రాయి అతనికి మిగులు. ఒక కందకంలో నిలబడి ఎదురుగా చూస్తే, మధ్యనున్న శూన్యాన్ని దాటి చూపు రెండో కందకంలోకి వెళ్లి, ఆ రెంటినీ తానే ఒక గీతగా కలుపుతుంది. అక్కడ లేనిదాన్ని కన్ను నిర్మిస్తుంది. మట్టిని కలిపి బొమ్మ చేస్తే శిల్పమైనప్పుడు మట్టిని తీసి ఆకారం చేస్తే ఎందుకు కాకూడదన్నదే అతని వాదం. ఇందులో మనకు కొత్తేమీ లేదు. మన కోనేళ్లన్నీ తీసివేతతో ఏర్పడిన ఆకారాలే. ఎండిపోయిన ఏట్లో ఇసుక తోడి చెలమ తీసేవారికి కూడా ఆ సంగతి తెలుసు. అక్కడ విలువంతా తీసేసిన చోటే ఊరుతుంది.

ఇంకో మాట. మీరు తిరుమల ఘాట్ రోడ్డులో వెళ్లేటప్పుడు ఎపార్కియన్ విషమవిన్యాసం అనే భూవిజ్ఞాన స్మారకాన్ని చూసే ఉంటారు. అక్కడ కింద ఉన్న అతి పురాతనమైన గ్రానైట్ శిలకూ, దాని మీద పేరుకున్న అవక్షేప శిలకూ మధ్య పదుల కోట్ల సంవత్సరాల కాలం జాడలేకుండా పోయింది. కొండ కోసుకుపోయిన చోటే ఆ గీత బయటపడింది. నేలను కోస్తే కాలం కనబడుతుందన్న విషయం హైజర్‌కు చిన్ననాటి నుంచే తెలుసు. అతని తండ్రి పురావస్తు శాస్త్రవేత్త.

ఇంత చెప్పాక నాకున్న అభ్యంతరాన్ని దాచడం సరికాదు. ఎడారి ఖాళీ స్థలమన్న భావం ఆ తరం కళాకారుల్లో కొందరికి మరీ ఎక్కువగా ఉండేది. నెవాడా, యూటా ప్రాంతాలు షోషోనీ, పైయూట్ వంటి తెగలవారు వేల ఏళ్లుగా ఎరిగిన నేల. పైగా ఎడారి మట్టి పైపొరలో నాచు, శిలీంధ్రాలు, సూక్ష్మజీవులు కలిసి సజీవమైన పెచ్చులా అల్లుకుని ఉంటాయి. ఇసుక గాలికి లేచిపోకుండా పట్టి ఉంచేది అదే. ఒక బండి చక్రం దాన్ని నలిపితే తిరిగి కుదురుకోవడానికి దశాబ్దాలు పడుతుంది. కాబట్టి 'డబుల్ నెగటివ్' గొప్పతనాన్ని ఒప్పుకుంటూనే, నేను మనసారా ప్రేమించే పని మాత్రం అది కాదు. అదేమిటో కింది ప్రశ్నకు జవాబులో చెబుతాను.

మీ వ్యాసంలో పేర్లన్నీ మగవారివే. ఈ కళలో ఆడవాళ్లు లేరా?
– కలంకారీ కళాకారిణి, శ్రీకాళహస్తి

ఉన్నారమ్మా, లోపం నా వ్యాసానిదే. నాన్సీ హోల్ట్ పేరు నేను మొట్టమొదట రాయవలసింది. ఆమె 1973 నుంచి 1976 వరకు శ్రమించి యూటాలోని గ్రేట్ బేసిన్ ఎడారిలో 'సన్ టనెల్స్' నిర్మించింది. ఆ చోటు కోసం 40 ఎకరాల భూమి కొన్నది. ఖగోళ శాస్త్రం తెలిసినవారితో, ఇంజనీర్లతో, కాంక్రీటు గొట్టాలు పోసేవారితో, క్రేన్ నడిపేవారితో కలిసి పనిచేసింది. ఒక్కొక్కటి 18 అడుగుల పొడవు, 9 అడుగుల వ్యాసం ఉన్న నాలుగు కాంక్రీటు గొట్టాలను, మధ్యలో ఖాళీ వదిలి, ఇంటూ గుర్తు ఆకారంలో నేల మీద పడుకోబెట్టింది. జూన్‌లోనూ డిసెంబరులోనూ అయనాంతం వచ్చే రోజుల్లో, అంటే ఏడాదిలో అతి పొడవైన, అతి చిన్న పగళ్ల నాడు, సూర్యుడు ఉదయించేటప్పుడు, అస్తమించేటప్పుడు సరిగ్గా ఆ గొట్టాల్లోంచి కనబడతాడు.

అంతటితో ఆగలేదు. గొట్టాల పైభాగంలో వేర్వేరు పరిమాణాల్లో రంధ్రాలు చేయించింది. అవి నాలుగు నక్షత్ర మండలాల ఆకారంలో ఉంటాయి, వాటిలో ఒకటి మన మకరరాశి. మిట్టమధ్యాహ్నం గొట్టంలో నిలబడితే కాళ్ల దగ్గర వెలుగు చుక్కలు నక్షత్రాల్లా పరుచుకుని, పొద్దు కదిలే కొద్దీ కదులుతాయి. పట్టపగలు చుక్కల మీద నడవడమన్నమాట. అంతులేని ఎడారిని మనిషి చూపుకు ఇమిడేలా దగ్గరికి తేవాలన్నది ఆమె ఉద్దేశం. చుట్టూ తిరిగి చూసి ఏమీ పట్టుకోలేని కన్నుకు ఆ గొట్టాలు ఒక చట్రాన్నిస్తాయి, బయట ఉడికించే ఎండ నుంచి ఇంత నీడనూ ఇస్తాయి. నీడ గురించి ఆలోచించిన కళాకారిణి అన్న కారణంగానే ఆమె మీద నాకు ఇంత గౌరవం.

మీకు దూరం కాని నాగలాపురంలోని వేదనారాయణస్వామి ఆలయంలో ఏటా మార్చి నెలలో మూడు రోజులపాటు సాయంత్రపు సూర్యకిరణాలు గర్భాలయంలోకి ప్రవేశించి, తొలినాడు స్వామి పాదాల మీద, రెండోనాడు నాభి మీద, మూడోనాడు శిరస్సు మీద పడతాయి. ఆ ఆలయం కట్టిన స్థపతుల పనినీ నాన్సీ హోల్ట్ పనినీ ఒకే గాటన కట్టలేం. ఒకటి భక్తితో కట్టినది, రెండోది చూపు కోసం కట్టినది. అయినా సూర్యుడి రాకను ముందుగా లెక్కగట్టి, ఆయన వచ్చి పూర్తి చేసేలా కట్టడాన్ని వదిలిపెట్టడమన్న ఓర్పు రెండుచోట్లా ఒకటే. సూర్యపూజ వేళ వీలుచేసుకుని వెళ్లి చూడండి, సన్ టనెల్స్ గురించి నేను రాసిన దానికంటే ఎక్కువ అర్థమవుతుంది.

ఇంకో ముగ్గురు స్త్రీల పని కూడా చెప్పాలి. డానే స్ట్రాటూ, అలెగ్జాండ్రా స్ట్రాటూ, స్టెల్లా కాన్‌స్టాంటినిడెస్ అనే గ్రీకు మహిళలు 1997లో ఈజిప్టులో ఎర్రసముద్రపు ఒడ్డున ఉన్న ఎడారిలో 'డెజర్ట్ బ్రెత్' పూర్తిచేశారు. లక్ష చదరపు మీటర్ల మేర ఒకదానిలో ఒకటి ఇమిడిన రెండు సర్పిలాలు, అంటే నడుమ నుంచి విప్పుకుంటూ పోయే చుట్టలు. ఒకదాని వెంట ఇసుక శంకువులు పైకి లేచి ఉంటాయి, రెండోదాని వెంట శంకువు ఆకారపు గుంటలు దిగి ఉంటాయి. గుంట నుంచి తీసిన ఇసుకే కుప్ప అయింది. నడుమ ఒక నీటి మడుగు ఉంచారు. ఆ నీరు ఎండిపోయింది, శంకువులు ఏటేటా గాలికి అరుగుతున్నాయి.

ఇంత కష్టపడి చేసినవి గాలికీ నీటికీ పోతుంటే వారికి బాధ కలగదా? మేము రోజూ వేసే ముగ్గూ సాయంత్రానికి చెరిగిపోతుంది గానీ అది చిన్న పని గదా.
– గృహిణి, చిత్తూరు

ముగ్గును చిన్న పని అనకండి. వేలి సందున జారే పిండిని అదుపులో ఉంచుకుని, చుక్కల మధ్య మెలికలు తిప్పి, మొదలుపెట్టిన చోటికే గీతను తీసుకురావడం ఎంత సాధనతో వస్తుందో చేసేవారికే తెలుసు. చెరుగుతుందని తెలిసీ ప్రతి తెల్లవారుజామునా అంతే శ్రద్ధతో వేసే మీకు, ఈ కళాకారుల మనసు నాకంటే బాగా అర్థం కావాలి.

వారందరిదీ ఒకే ధోరణి కాదు. హైజర్ శాశ్వతత్వాన్ని కోరేవాడు. నెవాడాలోనే అతను 1970లో మొదలుపెట్టిన 'సిటీ' అనే మైలున్నర పొడవు నిర్మాణం 2022లో గాని సందర్శకులకు తెరుచుకోలేదు. రాబర్ట్ స్మిత్‌సన్ దారి వేరు. అరిగిపోవడం, కూలిపోవడం, పాతబడడం కూడా కళలో భాగమేనని అతను నమ్మాడు. 1970 ఏప్రిల్‌లో యూటాలోని గ్రేట్ సాల్ట్ లేక్ ఒడ్డున 6000 టన్నులకు పైగా నల్లని బసాల్ట్ రాళ్లతో, మట్టితో, సరస్సులోకి చుట్టలు తిరుగుతూ వెళ్లే 1500 అడుగుల కట్టను నిర్మించాడు. దాని పేరు 'స్పైరల్ జెట్టీ'. అక్కడి నీరు ఎర్రగా ఉండడమే ఆ చోటును ఎంచుకోవడానికి కారణం. రైలుమార్గం కోసం వేసిన కట్ట సరస్సును రెండుగా చీల్చడంతో ఉత్తర భాగానికి మంచినీటి రాక తగ్గి, ఉప్పు మితిమీరి, ఉప్పులో బతికే సూక్ష్మజీవుల వల్ల నీరు ఆ రంగు తిరిగింది.

రెండేళ్లు గడవకముందే సరస్సు పెరిగి కట్ట మునిగిపోయింది. స్మిత్‌సన్ 1973లో టెక్సస్‌లో మరో పని కోసం స్థలాన్ని విమానం నుంచి పరిశీలిస్తూ ప్రమాదంలో మరణించాడు. అతనికి 35 ఏళ్లు. నాన్సీ హోల్ట్ అతని భార్య. సన్ టనెల్స్‌ను ఆమె పూర్తిచేసింది అతను పోయిన తర్వాతే. ఇక ఆ కట్ట మూడు దశాబ్దాల పాటు చాలావరకు నీటి అడుగునే ఉండి, కరవు వల్ల నీరు తగ్గినప్పుడు 2002లో మళ్లీ పైకి వచ్చింది. నల్లరాయి కాస్తా ఉప్పు పట్టి తెల్లబడింది. చేసినవాడు చూడని రంగు అది, అయినా అతను వద్దనేవాడు కాడనే అనుకుంటాను.

ఇలాంటి పనులకు డబ్బు ఎవరిచ్చారు?
– బ్యాంకు ఉద్యోగి, చిత్తూరు

ఎక్కువగా కళాపోషకులే. గ్యాలరీ నడిపిన వర్జీనియా డ్వాన్ 'డబుల్ నెగటివ్'కూ 'స్పైరల్ జెట్టీ'కీ ఆర్థికంగా అండగా నిలిచింది. 1974లో ఏర్పడిన డియా ఆర్ట్ ఫౌండేషన్ వాల్టర్ డి మరియా 'లైట్నింగ్ ఫీల్డ్'ను చేయించింది. న్యూమెక్సికోలో మైలు పొడవు, కిలోమీటరు వెడల్పు స్థలంలో 400 స్టీలు స్తంభాలను, నేల ఎత్తుపల్లాలు ఎలా ఉన్నా పైకొనలన్నీ ఒకే మట్టంలో ఉండేలా, 1977లో నిలబెట్టారు. పేరును బట్టి అందరూ పిడుగుల కోసం చూస్తారు గానీ, మధ్యాహ్నం దాదాపు మాయమై పొద్దుగుంకే వేళ బంగారు గీతల్లా వెలిగే ఆ స్తంభాల తీరే అక్కడి అసలు విశేషం.

మాకు ఎడారి లేదు. స్వర్ణముఖి ఇసుకలో నేనూ నా మిత్రులూ ఇలాంటిదేమైనా చేయవచ్చా? ఎలా మొదలుపెట్టాలి?
– డిగ్రీ విద్యార్థి, చంద్రగిరి

తప్పకుండా చేయవచ్చు. అయితే మొదటి నెల ఏమీ చేయకండి, నడవండి. తొండవాడ దగ్గర ఏట్లో ఉదయం ఒకసారి, సాయంత్రం ఒకసారి ఒకే దారిన నడిచి, ఇసుక రంగు ఎలా మారుతున్నదో, ఏ వైపు గాలికి అలల గీతలు పడుతున్నాయో, ఎక్కడ తేమ ఉన్నదో, పశువులు ఎటునుంచి ఎటు దాటుతున్నాయో ఒక పుస్తకంలో రాసుకోండి. రిచర్డ్ లాంగ్ అనే ఆంగ్ల కళాకారుడు 1967లో ఒక పచ్చికలో అటూ ఇటూ నడిచి నడిచి, గడ్డి అణిగి గీత ఏర్పడ్డాక దాన్ని ఫొటో తీశాడు. ఆ నడకే అతని కళాఖండం. 1988లో సహారాలోనూ అక్కడి రాళ్లతోనే ఒక గీత చేశాడు. యంత్రమూ లేదు, ఖర్చూ లేదు.

తర్వాత ఒక చిన్న పని ఎంచుకోండి. వాలుపొద్దు వెలుగులో అరచేతి లోతు గుంట కూడా పొడుగాటి నీడ వేస్తుంది. కాబట్టి మీ ఆకారాన్ని మధ్యాహ్నం చూసి నిర్ణయించకండి, సూర్యుడు కిందికి దిగాక చూడండి. ఏట్లో ఉన్నదాన్నే వాడండి. రంగులు, ప్లాస్టిక్, సిమెంటు తేవద్దు. కొండ నుంచి రాళ్లు దొర్లించుకు రావద్దు, ఎందుకంటే శేషాచలం 2010 నుంచి జీవావరణ రిజర్వు, అక్కడి రాయి కింద ఏదో ఒక ప్రాణి కాపురముంటుంది. ఊరివారికి ముందుగా చెప్పండి. చెలమలకూ పశువుల దారికీ అడ్డం రాకండి. రోజూ ఒకే చోట నిలబడి ఫొటో తీయండి. ఏరు పారే రోజు వస్తే ఆ ఫొటోయే మీ వరుసలో చివరిది.

నిజమైన ఇసుకమేటలు చూడాలంటే అనంతపురం జిల్లాలో హగరి ఒడ్డున బొమ్మనహాళ్, కణేకల్లు వైపు వెళ్లవచ్చు. కానీ అక్కడ గాలికి లేచిన ఇసుక రైతుల పొలాలను కప్పేస్తున్నది. ఫొటో తీసే ముందు అక్కడి వారితో మాట్లాడండి. మొరాకో ఎడారిలో హాన్స్‌యార్గ్ వోథ్ అనే జర్మన్ కళాకారుడు, మనం గొల్లకావడి అని పిలిచే చుక్కలున్న ఓరియన్ మండలం ఆధారంగా మట్టి బురుజులు కట్టించినప్పుడు స్థానిక పనివారి మట్టికట్టుబడి విద్యనే నమ్ముకున్నాడు. నేలను ఎరిగినవారి దగ్గర నేర్చుకోవడం మీకూ మంచిది.

మా అబ్బాయి సాల్ట్ లేక్ సిటీలో ఉద్యోగం చేస్తున్నాడు. వచ్చే ఏడాది మేమిద్దరం వెళ్తున్నాం. మీరు రాసినవాటిలో మా వయసువారు చూడగలిగింది ఏదైనా ఉందా?
– దంపతులు, తిరుపతి

'స్పైరల్ జెట్టీ' చూడండి. సాల్ట్ లేక్ సిటీ నుంచి కారులో సుమారు రెండు గంటలు, రుసుము లేదు. చివరి భాగం మట్టిరోడ్డు కాబట్టి వాన పడిన మర్నాడు వద్దు. అక్కడ అంగడి గానీ, తాగునీరు గానీ, మరుగుదొడ్డి గానీ ఉండవు. భోజనమూ నీళ్లూ వెంట తీసుకుని వెళ్లి, సాయంత్రం నాలుగింటికల్లా చేరుకునేలా బయలుదేరండి. గుర్తుగా ఒక్క రాయి కూడా తెచ్చుకోకండి. కట్ట మీది రాళ్లు ఎగుడుదిగుడుగా ఉంటాయి, మోకాళ్లు నొప్పి అనిపిస్తే పక్కనున్న గుట్ట మీది నుంచి చూసినా చుట్టలన్నీ చక్కగా కనబడతాయి. ఇప్పుడు నీరు చాలా వెనక్కు వెళ్లింది గనుక కట్ట చుట్టూ తెల్లని ఉప్పు నేల మీద నడవవచ్చు. దానికి మాత్రం పాత చెప్పులే వేసుకోండి, ఉప్పుకు కొత్తవి పాడైపోతాయి.